బాండ్లు, కరెన్సీలు, ఇతర పెట్టుబడులు: తరచుగా అడిగే ప్రశ్నలు

స్థిర ఆదాయం అంటారు కదా, అందులో స్థిరంగా ఉండేది ఏమిటి?

చెల్లింపుల పట్టిక ఒక్కటే. బాండు అంటే అప్పుపత్రం. ఏ తేదీన ఎంత వడ్డీ ఇస్తారో, అసలు ఎప్పుడు తిరిగి ఇస్తారో జారీ చేసిన సంస్థ ముందే రాసిస్తుంది. ఆ పట్టిక మారదు. కానీ మధ్యలో అమ్మితే ఎంత వస్తుంది, వచ్చిన వడ్డీని మళ్లీ ఏ రేటుకు పెట్టగలం, చివరికి చేతికొచ్చే సొమ్ముతో ఎంత సరుకు కొనగలం అనే మూడింటిలో ఏదీ స్థిరం కాదు. పట్టిక ప్రకారం ఇచ్చే స్తోమత అప్పు తీసుకున్నవారికి చివరిదాకా ఉంటుందా అన్నది నాలుగో సంగతి. కింద ఉన్న చాలా ప్రశ్నలకు జవాబు ఈ నాలుగింటిలో ఏదో ఒకదాని దగ్గర తేలుతుంది.

వడ్డీ రేట్లు పెరిగితే నా బాండు ధర ఎందుకు పడుతుంది?

మీ దగ్గర ముఖ విలువ 100, వడ్డీ ఏటా 5, గడువు 10 ఏళ్లు ఉన్న బాండు ఉందనుకోండి. రేపు అదే స్తోమత ఉన్న సంస్థ 6 శాతానికి కొత్త బాండ్లు జారీ చేసింది. 6 వచ్చే చోటు ఉండగా 5 వచ్చే పత్రానికి ఎవరూ 100 ఇవ్వరు. ఏటా తగ్గే ఆ 1ని ధరలో తగ్గించుకుంటారు. లెక్క కడితే ధర 92.64 అవుతుంది. రేటు 4 శాతానికి దిగితే అదే బాండు 108.11 పలుకుతుంది.

ఇక్కడ ఒక విశేషం ఉంది. రేటు ఒక శాతం పెరిగితే పోయింది 7.36, ఒక శాతం తగ్గితే వచ్చింది 8.11. ఈ వంపును కాన్వెక్సిటీ అంటారు. మామూలు బాండులో అది కొన్నవారి పక్షాన ఉంటుంది. జారీ చేసినవారు ముందే తీర్చేసే హక్కు ఉన్న కాలబుల్ బాండులో ఎదురు తిరుగుతుంది. రేట్లు తగ్గి ధర పెరగాల్సిన వేళకు వాళ్లు పాత అప్పు తీర్చి చవకగా కొత్త అప్పు తెచ్చుకుంటారు. మీ సొమ్ము మీకు తిరిగొస్తుంది, సరిగ్గా ఎక్కడ పెట్టినా తక్కువ వడ్డీ వచ్చే రోజుల్లో.

ఎంత పడుతుందో ముందే అంచనా వేసుకోవచ్చా?

వేసుకోవచ్చు. డ్యూరేషన్ అనే అంకె అందుకే. వడ్డీ రేటు ఒక శాతం మారితే ధర సుమారు ఎంత శాతం మారుతుందో మాడిఫైడ్ డ్యూరేషన్ చెబుతుంది. ముఖ విలువకే దొరికే 5 శాతం బాండును తీసుకుంటే, 2 ఏళ్లదానికి అది 1.86, 10 ఏళ్లదానికి 7.72, 30 ఏళ్లదానికి 15.37. మధ్యలో వడ్డీ ఇవ్వకుండా చివర్లో ఒకేసారి చెల్లించే 30 ఏళ్ల జీరో కూపన్ బాండుకు 28 దాటుతుంది. గడువు ఎంత దూరమో, వడ్డీ ఎంత తక్కువో, ఊపు అంత ఎక్కువ.

దీనికి కళ్లముందు ఉన్న ఉదాహరణ ఆస్ట్రియా ప్రభుత్వ బాండు. 2020లో 0.85 శాతం వడ్డీతో, 2120లో తీర్చే షరతుతో జారీ చేశారు. రేట్లు పెరిగాక 2023లో దాని ధర ముఖ విలువలో సగానికంటే కిందికి పడింది. ఆస్ట్రియా ఒక్క వాయిదా కూడా ఎగ్గొట్టలేదు. ప్రభుత్వ బాండులో నష్టం రాదనుకునేవారు చూడాల్సింది ఇదే.

డ్యూరేషన్ ఒక అంచనా మాత్రమే. రేటు అర శాతం కదిలితే దాదాపు సరిపోతుంది, మూడు శాతం కదిలితే వంపు వల్ల లెక్క తప్పుతుంది. ఫండ్ కొంటే దాని నెలవారీ వివరాల పత్రంలో ఈ అంకె ఉంటుంది. పేరులో ఏముందో చూడకుండా ఆ అంకె చూడండి.

కూపన్, కరెంట్ ఈల్డ్, గడువు వరకు ఈల్డ్: వీటిలో నాకు వచ్చేది ఏది?

8 శాతం కూపన్, మూడేళ్ల గడువు మిగిలిన బాండు 110కి అమ్ముతున్నారనుకుందాం. కూపన్, అంటే పత్రంలో రాసిన వడ్డీ, 8. కరెంట్ ఈల్డ్ అంటే 8ని 110తో భాగించగా వచ్చే 7.27 శాతం. గడువు రోజున మీకు వచ్చేది 100 మాత్రమే, అంటే కట్టిన దానిలో 10 పోతుంది. అది కూడా కలిపితే గడువు వరకు ఈల్డ్ సుమారు 4.4 శాతం. ప్రకటనల్లో పెద్ద అక్షరాల్లో కనిపించేది 8, పోల్చుకోవడానికి పనికొచ్చేది 4.4.

ఆ 4.4 కూడా మూడు షరతుల మీద నిలబడింది: గడువు దాకా అమ్మకపోవడం, ప్రతి వాయిదా సమయానికి రావడం, వచ్చిన వడ్డీని అదే రేటుకు మళ్లీ పెట్టడం. ముందే తీర్చేసే హక్కు ఉన్న బాండయితే ఆ తేదీలన్నిటికీ ఈల్డ్ లెక్కగట్టి, వాటిలో అన్నిటికంటే తక్కువది తీసుకోవాలి.

తెరమీద ఒక ధర కనిపించింది, ఖాతాలోంచి అంతకంటే ఎక్కువ పోయింది. ఎందుకు?

పేరుకున్న వడ్డీ కలిపారు. ఆరు నెలలకోసారి 3 చొప్పున ఇచ్చే బాండులో గత చెల్లింపు తర్వాత 180 రోజుల్లో 60 గడిచాయనుకుంటే, ఆ 60 రోజుల వడ్డీ 1 అమ్మినవారికి చెందుతుంది. దాన్ని మీరు ముందే కట్టి, తర్వాతి చెల్లింపులో పూర్తి 3 తీసుకుంటారు. నష్టం ఏమీ లేదు. నిజంగా పోయేది కొనే ధరకూ అమ్మే ధరకూ మధ్య తేడా. బాండ్లలో ఎక్కువ భాగం ఎక్స్ఛేంజీలో కాకుండా డీలర్ల మధ్య చేతులు మారతాయి. చిన్న మొత్తాలకు, అరుదుగా అమ్ముడయ్యే బాండ్లకు ఆ తేడా ఒక శాతం దాటడం కొత్త కాదు. 5 శాతం వచ్చే చోట అది రెండు నెలలకు పైగా వడ్డీ. కమీషన్ లేదని చెప్పినప్పుడు ముందు అడగాల్సింది ఇప్పుడే తిరిగి అమ్మితే ఎంతిస్తారని.

గడువు దాకా ఉంచుకుంటే నష్టమే ఉండదు కదా?

లెక్కల పుస్తకంలో కనిపించదు, అంతే. మార్కెట్లో 6 వస్తుండగా మీరు 5 దగ్గర పదేళ్లు కట్టుబడితే, ఆ తేడాను ఒకేసారి పోగొట్టుకోకుండా ఏటా కొంచెం కొంచెం పోగొట్టుకుంటారు. ఇంకా పెద్ద చిక్కు ఏమిటంటే, ఉంచుకుంటాం అనుకోవడం వేరు, ఉంచుకోగలగడం వేరు.

అమెరికాలోని సిలికాన్ వ్యాలీ బ్యాంకు కథ ఇదే. డిపాజిటర్లు ఎప్పుడైనా తీసుకెళ్లగల సొమ్మును దీర్ఘకాల బాండ్లలో పెట్టింది. 2022లో రేట్లు వేగంగా పెరిగి వాటి ధర పడింది. డిపాజిట్లు వెనక్కి వెళ్లడం మొదలయ్యాక సుమారు 2100 కోట్ల డాలర్ల బాండ్లను 180 కోట్ల డాలర్ల నష్టానికి అమ్మినట్టు 2023 మార్చి 8న ప్రకటించింది. మార్చి 10న మూతపడింది. అమ్మినవన్నీ మంచి బాండ్లే. డబ్బు కావాల్సిన తేదీకీ బాండు గడువుకూ పొంతన లేకపోవడమే ముంచింది. ఇంటి లెక్కలకూ సూత్రం ఇదే. నాలుగేళ్లలో ఫీజు కట్టాలంటే నాలుగేళ్ల గడువున్న బాండు కొనండి, ఇరవై ఏళ్లదానిలో వడ్డీ అర శాతం ఎక్కువని అటు పోకండి.

విడి బాండ్లు మేలా, బాండ్ ఫండ్ మేలా?

ఫలానా తేదీకి ఫలానా మొత్తం కావాలంటే విడి బాండ్లు, అదీ ఎగవేత భయం లేని ప్రభుత్వానివి. మామూలు ఫండ్‌కు గడువు ఉండదు. పాతవి తీరిపోతుంటే కొత్తవి కొంటూ డ్యూరేషన్‌ను ఒకే స్థాయిలో ఉంచుతుంది. అందుకే "కొన్నేళ్లు ఆగితే అసలు వచ్చేస్తుంది" అన్న మాట ఫండ్‌కు నేరుగా వర్తించదు. అయితే రేటు ఒకసారి పెరిగి అక్కడే నిలిస్తే, దాదాపు డ్యూరేషన్ అంత కాలంలో ఎక్కువ వడ్డీ ఆ నష్టాన్ని పూడుస్తుంది. కార్పొరేట్ బాండ్లకు మాత్రం ఫండే నయం. ఐదారు కంపెనీల బాండ్లు కొని ఒకటి మునిగితే కోలుకోవడం కష్టం, మూడొందల బాండ్లలో ఒకటి మునిగితే తెలియకుండా పోతుంది.

మధ్యేమార్గం నిచ్చెన పద్ధతి. సొమ్మును ఐదు భాగాలు చేసి 1, 2, 3, 4, 5 ఏళ్ల బాండ్లు కొంటారు. ఏటా ఒకటి తీరుతుంది, దాంతో మళ్లీ ఐదేళ్లది కొంటారు. రేట్లు ఎటు పోతాయో ఊహించే పని తప్పుతుంది. మధ్యలో సొమ్ము అవసరమైతే ఐదో వంతు కోసం ఏడాదికి మించి ఆగక్కర్లేదు.

క్రెడిట్ రేటింగ్‌ను ఎంతవరకు నమ్మొచ్చు?

అప్పు తీర్చే స్తోమత ఎవరికి ఎక్కువో వరుస చెప్పడంలో రేటింగులు బాగానే పనిచేస్తాయి. ట్రిపుల్ ఏ కంటే డబుల్ బీలో ఎగవేతలు ఎక్కువన్నది దశాబ్దాలుగా నిలిచిన సంగతి. ట్రిపుల్ బీ మైనస్ దాకా పెట్టుబడి స్థాయి, అక్కణ్నుంచి కిందివి హై ఈల్డ్ లేదా జంక్. వేళకు హెచ్చరించడంలో మాత్రం రేటింగులు వెనకబడతాయి. రేటింగ్ తగ్గించే నాటికి ధర ముందే పడి ఉంటుంది. పెద్ద సంస్థల్లో చాలావాటికి పెట్టుబడి స్థాయి కంటే కిందికి దిగినవి ఉంచుకోకూడదనే నియమం ఉంటుంది కాబట్టి ఆ గీత దాటే బాండును అందరూ ఒకేసారి అమ్ముతారు.

ఎక్కువ వడ్డీ నిజంగా లాభమో కాదో చూసే లెక్క చిన్నదే. ఏడాదిలో ఎగవేత అవకాశం 5 శాతం, ఎగ్గొడితే తిరిగి రాబట్టగలిగేది 40 శాతం అనుకుంటే సగటున పోయేది 5లో 60 శాతం, అంటే 3 శాతం. ప్రభుత్వ బాండు కంటే 3 శాతం ఎక్కువ ఇస్తున్నారంటే మీకు మిగిలేది సున్నా. ఆ భయాన్ని మోసినందుకు కూలి ఆ పైన మొదలవుతుంది.

వరసలో మీ స్థానం ఎక్కడో కూడా చదవాలి. తాకట్టు ఉన్న అప్పు ముందు, తర్వాత మామూలు అప్పు, ఆ తర్వాత సబార్డినేటెడ్ (మిగతా అప్పులు తీరాకే ఇచ్చేది), చివర వాటాదారులు. ఈ వరసైనా పత్రంలో వేరేలా రాసి ఉంటే తలకిందులవుతుంది. 2023 మార్చిలో స్విస్ బ్యాంకు క్రెడిట్ స్విస్‌ను మరో బ్యాంకు యూబీఎస్‌కు అప్పగించినప్పుడు సుమారు 1600 కోట్ల ఫ్రాంకుల ఏటీ1 బాండ్లను (బ్యాంకు చిక్కుల్లో పడితే రద్దు చేయగల బాండ్లను) సున్నా చేశారు, వాటాదారులకు మాత్రం 300 కోట్ల ఫ్రాంకుల విలువ దక్కింది. దేశాలూ మినహాయింపు కాదు. 2012లో గ్రీసు ప్రైవేటు బాండుదారుల ముఖ విలువలో 53.5 శాతం కోత పెట్టింది.

ధరల పెరుగుదలకు ముడిపెట్టిన బాండ్లు ద్రవ్యోల్బణం నుంచి కాపాడతాయా?

గడువు దాకా ఉంచుకుంటే కాపాడతాయి. వీటిలో అసలు ధరల సూచీతో పాటు పెరుగుతుంది, ఆ పెరిగిన అసలు మీద వడ్డీ ఇస్తారు. కానీ ఇవీ బాండ్లే, వీటికీ డ్యూరేషన్ ఉంది. అమెరికాలో 2022 జూన్‌లో ద్రవ్యోల్బణం 9.1 శాతానికి చేరింది. అదే ఏడాది టిప్స్ అనే అక్కడి ఈ తరహా ప్రభుత్వ బాండ్ల ఫండ్లు నష్టపోయాయి, ఎందుకంటే నిజ వడ్డీ రేటు (ద్రవ్యోల్బణం తీసేస్తే మిగిలే వడ్డీ) ఎగరడంతో పడిన ధర ఆ పెరుగుదలను మింగేసింది. మామూలు బాండుతో పోల్చడం సులువు. మామూలుది 4 శాతం, సూచీకి ముడిపడింది 1.5 శాతం ఇస్తుంటే తేడా 2.5. గడువు మొత్తంలో సగటు ద్రవ్యోల్బణం 2.5 దాటుతుందనుకుంటే రెండోది కొనాలి.

డబ్బు కొన్ని నెలల్లోనే కావాలి. ఎక్కడ పెట్టాలి?

ప్రభుత్వ ట్రెజరీ బిల్లులు (ఏడాదిలోపు గడువున్న అప్పుపత్రాలు), బీమా ఉన్న బ్యాంకు డిపాజిట్, స్వల్పకాల అప్పుపత్రాలు కొనే మనీ మార్కెట్ ఫండ్. బిల్లుకు వడ్డీ ఉండదు, తగ్గింపు ధరకు అమ్ముతారు. 182 రోజుల బిల్లు 98కి కొని 100 తీసుకుంటే ఏడాది లెక్కన 4.09 శాతం. డిపాజిట్ అయితే బీమా పరిమితి ఎంతో చూసి ఆ లోపే ఉంచండి.

మనీ మార్కెట్ ఫండ్ డిపాజిట్ కాదు. అమెరికా పెట్టుబడి బ్యాంకు లేమాన్ బ్రదర్స్ దివాలా తీసిన మర్నాడే, 2008 సెప్టెంబరు 16న, ఆ కంపెనీ పత్రాలు పెట్టుకున్న రిజర్వ్ ప్రైమరీ ఫండ్ యూనిట్ విలువ 1 డాలర్ నుంచి 97 సెంట్లకు దిగింది. దిగింది 3 శాతమే, కానీ సొమ్ము చాలాకాలం ఇరుక్కుపోయింది. ప్రభుత్వ పత్రాలే కొనే ఫండ్‌లో వడ్డీ కాస్త తగ్గినా ఈ బెడద ఉండదు.

మరో దేశం బాండ్లలో 8 శాతం వస్తోంది, ఇక్కడ 3 శాతమే. అక్కడ పెడితే?

రెండు రాబడులు గుణించుకోవాలి, కూడకూడదు. బాండు 8 శాతం ఇచ్చి, ఆ కరెన్సీ 10 శాతం పడితే 1.08ని 0.90తో గుణించాలి: 0.972. అంటే 2.8 శాతం నష్టం. వడ్డీ అంత ఎక్కువ ఉండటానికి కారణం చాలాసార్లు అక్కడ ద్రవ్యోల్బణం ఎక్కువ కావడమే, అలాంటి కరెన్సీ దీర్ఘకాలంలో బలహీనపడటం వింత కాదు.

అయితే ఫార్వర్డ్ ఒప్పందంతో మారకం రేటు ముందే ఖాయం చేసుకుంటే?

ఆ అదనపు వడ్డీ అక్కడే పోతుంది. ఫార్వర్డ్ రేటు ఎవరి ఊహా కాదు, రెండు దేశాల వడ్డీల తేడాతో వచ్చే లెక్క. ఈరోజు అక్కడి కరెన్సీ ఒక యూనిట్‌కు మన డబ్బు 100 ఉంటే, మన వడ్డీ 3, అక్కడిది 8 అయినప్పుడు ఏడాది ఫార్వర్డ్ 100ను 1.03తో గుణించి 1.08తో భాగించాలి: 95.37. ఆ రేటుకు 8 శాతాన్ని వెనక్కి తెచ్చుకుంటే చేతికి వచ్చేది సరిగ్గా 3 శాతం. అలా కాకపోతే బ్యాంకులు క్షణాల్లో ఆ తేడాను తోడేస్తాయి.

అంతమాత్రాన హెడ్జింగ్, అంటే ఇలా రేటు ఖాయం చేసుకుని కాపాడుకోవడం, దండగ కాదు. బాండు రాబడి మారకపు ఊపు కంటే చాలా చిన్నది. విదేశీ బాండ్లను హెడ్జ్ చేయకుండా పెట్టుకుంటే ఆచరణలో మీ దగ్గర ఉన్నది కరెన్సీ పందెమే. ఎక్కువ ఫండ్లు ఫార్వర్డ్‌లను నెలకోసారి తిరగరాస్తాయి. విదేశీ కరెన్సీ బలపడిన నెలలో ఫార్వర్డ్ మీద నష్టాన్ని నగదుగా కట్టాలి, బాండు మీద లాభం మాత్రం కాగితం మీదే ఉంటుంది. ఆ నగదు పక్కన పెట్టుకోకపోతే మంచి హెడ్జ్ కూడా ఇబ్బందిపెడుతుంది.

కరెన్సీ ట్రేడింగ్‌ను పెట్టుబడి అనొచ్చా?

మా అభిప్రాయం: అనకూడదు. బాండు వడ్డీ ఇస్తుంది, కంపెనీ లాభం సంపాదిస్తుంది. కరెన్సీ జంటలో ఒకరి లాభం మరొకరి నష్టం, దానిలోంచి బ్రోకర్ తేడా తీసుకుంటాడు. మార్కెట్ మాత్రం బ్రహ్మాండమైనది. కేంద్ర బ్యాంకుల ఉమ్మడి సంస్థ బీఐఎస్ సర్వే ప్రకారం 2022 ఏప్రిల్‌లో రోజుకు 7.5 లక్షల కోట్ల డాలర్లు చేతులు మారాయి. అంత పెద్ద మార్కెట్లో ధరలు తప్పుగా ఉండి మీకోసం ఎదురుచూడవు.

ముంచేది లివరేజ్, అంటే చేతిలో ఉన్నదానికి ఎన్నో రెట్లు పెద్ద పందెం. 1,000 పెట్టి 30 రెట్లు, అంటే 30,000 విలువైన పొజిషన్ తీసుకుంటే, రేటు 3.33 శాతం ఎదురు తిరగ్గానే మొత్తం పోతుంది. ఐరోపా నియంత్రణ సంస్థ ఎస్మా 2018లో ప్రధాన జంటలకు 30 రెట్ల పరిమితి పెట్టింది. కొంత సొమ్ము కట్టి ధర కదలిక మీద పందెం వేసే సీఎఫ్‌డీ ఒప్పందాల రిటైల్ ఖాతాల్లో 74 నుంచి 89 శాతం దాకా నష్టపోతున్నాయని అప్పుడు తెలిపింది.

స్టాప్ లాస్ ఉంది కదా అంటారు. అది ఆ ధరకు అమ్ముతానన్న హామీ కాదు, ఆ ధర తాకాక దొరికిన ధరకు అమ్మమన్న ఆదేశం. స్విస్ కేంద్ర బ్యాంకు 2011 సెప్టెంబరు నుంచి యూరోకు 1.20 ఫ్రాంకుల అడుగుగీత కాపాడుతూ వచ్చి, 2015 జనవరి 15న ముందస్తు మాట లేకుండా వదిలేసింది. యూరో ఆ రోజే దాదాపు 1 ఫ్రాంకుకు పడింది. 1.19 దగ్గర స్టాప్ పెట్టినవారికి ఆ ధర దొరకనేలేదు, కొందరు కట్టిన దానికి మించి బాకీపడ్డారు, కొన్ని బ్రోకరేజీలే మూతపడ్డాయి.

కొత్తవారిని ఆశ్చర్యపరిచే చిన్న కోత ఇంకొకటి: పొజిషన్ రాత్రికి ఉంచితే రెండు వడ్డీల తేడా ఖాతాలో పడుతుంది లేదా పోతుంది. ఒప్పందం రెండు పనిదినాల తర్వాత తీరుతుంది కాబట్టి వారాంతం కూడా కలిపి చాలా జంటల్లో బుధవారం రాత్రి మూడు రోజులది వేస్తారు.

తక్కువ వడ్డీ కరెన్సీలో అప్పు తీసుకుని ఎక్కువ వడ్డీ కరెన్సీలో పెడితే?

అదే క్యారీ ట్రేడ్. నెలలకొద్దీ కొంచెం కొంచెం వస్తూ ఉంటుంది, పోయేటప్పుడు ఒక్కసారి పోతుంది. 2024 జూలై 31న జపాన్ కేంద్ర బ్యాంకు రేటును 0.25 శాతానికి పెంచింది. యెన్ బలపడటంతో యెన్‌లో అప్పు చేసినవారు అందరూ కలిసి వెనుదిరిగారు. ఆగస్టు 5న జపాన్ షేర్ల నికేయ్ సూచీ ఒక్కరోజులో 12.4 శాతం పడింది. తక్కువ వడ్డీ ఆశతో విదేశీ కరెన్సీలో ఇంటి అప్పు తీసుకోవడమూ ఇదే ఆట. పోలండ్, హంగరీల్లో ఫ్రాంకుల్లో అప్పు తీసుకుని, స్థానిక కరెన్సీలో జీతం పొందేవారికి వాయిదాలు మోయలేనంత పెరిగాయి. సంపాదన ఏ కరెన్సీలో ఉంటే అప్పు ఆ కరెన్సీలోనే ఉండాలి.

బంగారం బాండ్లకు ప్రత్యామ్నాయమా?

కాదు. వడ్డీ లేదు, గడువు లేదు, ఎగ్గొట్టేవారూ లేరు. 1980 జనవరిలో ఔన్సు 850 డాలర్లకు చేరి, 1999లో 250 దగ్గరికి దిగి, మళ్లీ 850 చూడటానికి 2008 జనవరి పట్టింది. మధ్యలో డాలర్ విలువ ఎంత తరిగిందో లెక్కవేస్తే దెబ్బ ఇంకా పెద్దది. కొంత శాతం ఉంచుకోవచ్చు, ఫలానా తేదీకి కావాల్సిన సొమ్మును మాత్రం అందులో పెట్టకూడదు.

చమురు ధర పెరిగింది, నా చమురు ఫండ్ పెరగలేదు. మోసమా?

మోసం కాదు, ఒప్పందాల మార్పిడి. ఆ ఫండ్ దగ్గర పీపాలు ఉండవు, ఫ్యూచర్స్ (ముందు తేదీకి కొనే ఒప్పందాలు) ఉంటాయి. గడువు దగ్గరపడగానే ఈ నెలది అమ్మి వచ్చే నెలది కొనాలి. ఈ నెలది 50, వచ్చే నెలది 52 అయితే ప్రతి మార్పిడిలో చేతిలోని ఒప్పందాలు దాదాపు 4 శాతం తగ్గుతాయి. 2020 ఏప్రిల్ 20న మే నెల డబ్ల్యూటీఐ (అమెరికా ముడిచమురు) ఒప్పందం పీపాకు మైనస్ 37.63 డాలర్ల దగ్గర ముగిసింది. నిల్వకు చోటు లేనివారు వదిలించుకోవడానికి ఎదురు డబ్బిచ్చారు.

రీట్‌లు బాండ్ల లాంటివేనా?

రీట్‌లు భవనాలు కొని అద్దెకిచ్చే సంస్థలు. అద్దె క్రమంగా వస్తుంది కాబట్టి అలా కనిపిస్తాయి. అమెరికా చట్టం పన్ను వర్తించే ఆదాయంలో కనీసం 90 శాతం పంచమంటుంది. కానీ అవి వాటాలు. ఆస్తి విలువలో సగం అప్పు ఉన్న రీట్‌లో ఆస్తి ధర 20 శాతం పడితే వాటాదారుల భాగం 40 శాతం పడుతుంది. అప్పు ఎంత, ఎప్పుడు తిరగరాయాలి, అద్దె ఒప్పందాలు ఇంకెన్నేళ్లు అని చూడండి.

"అసలుకు హామీ, సూచీ పెరిగితే లాభం" అనే నోట్లు ఎలా పనిచేస్తాయి?

100లో కొంతతో బాండు, మిగిలిన దానితో సూచీ పెరిగితే లాభమిచ్చే ఆప్షన్ అనే ఒప్పందం కొంటారు. 4 శాతం దగ్గర ఐదేళ్ల జీరో కూపన్‌కు 82.19 అవుతుంది. మిగిలిన 17.81లో ఆప్షన్, అమ్మేవారి రుసుము. ఐదేళ్లకు అసలు మాత్రమే వస్తే పోయింది ఐదేళ్ల వడ్డీ, అంటే దాదాపు 21.67. హామీ కూడా ఆ నోటు జారీ చేసిన బ్యాంకు బతికున్నంత వరకే. లేమాన్ నోట్లు కొన్నవారు దివాలా వరసలో నిలబడ్డారు.

స్టేబుల్‌కాయిన్ డాలర్‌తో సమానమేనా?

స్టేబుల్‌కాయిన్ అంటే విలువను 1 డాలర్ దగ్గర నిలపాలని చేసిన క్రిప్టో నాణెం. వెనక ఉన్న నిల్వ ఎంత గట్టిదో అంతవరకు సమానం. యూఎస్‌డీసీ అనే నాణెం నిల్వలో 330 కోట్ల డాలర్లు సిలికాన్ వ్యాలీ బ్యాంకులో ఇరుక్కున్నాయని తెలిసి, 2023 మార్చి 11న దాని ధర 90 సెంట్ల కిందికి దిగింది. డిపాజిటర్లకు పూర్తిగా చెల్లిస్తామని ప్రభుత్వం చెప్పాకే కోలుకుంది. నిల్వ లేకుండా సూత్రాల మీద నడిచిన టెర్రాయూఎస్‌డీ 2022 మేలో కూలి మళ్లీ లేవలేదు.

నెలకు 3 శాతం ఖాయం అంటున్నారు. ఎలా పరీక్షించాలి?

ముందు ఏడాదికి మార్చండి: చక్రవడ్డీతో 42.6 శాతం. అంత కట్టి అప్పు తీసుకునేవారు బ్యాంకు దగ్గరికి ఎందుకు పోలేదో అడగండి. తర్వాత చూడాల్సింది సొమ్ము ఎవరి పేరున ఉంటుందని. అమ్మేవారి ఖాతాలోకి నేరుగా పంపమంటే అక్కడే ఆగండి, స్వతంత్ర కస్టోడియన్ (మీ ఆస్తిని భద్రపరిచే వేరే సంస్థ) దగ్గర మీ పేరున ఉండాలి. లైసెన్సు సంఖ్యను వాళ్లు పంపిన లింకులో కాకుండా నియంత్రణ సంస్థ సొంత సైటులో వెతకండి, పేరు, చిరునామా రెండూ సరిపోవాలి. చిన్న మొత్తం వెనక్కి వచ్చిందని నమ్మకండి, పెద్ద మొత్తం రప్పించుకోవడానికి అది మొదట ఇస్తారు. సొమ్ము వెనక్కి ఇవ్వాలంటే ముందు "పన్ను" కట్టమన్నారంటే, ఆ పన్ను కూడా పోతుంది.